యూనిట్ – 14 : ప్రభుత్వ నిఘా, గోప్యత హక్కు, వ్యక్తి స్వేచ్ఛ

విషయక్రమం

14.0 లక్ష్యాలు
14.1 పరిచయం
14.2 నిఘా, గోప్యత – అర్థం
14.3 ఖరక్ సింగ్ కేసు (1962)
14.4 బ్యాంకు పత్రాలు, టెలిఫోను సంభాషణలు
14.5 పుట్టస్వామి తీర్పు (2017)
14.6 నేటి నిఘా వ్యవస్థ – అనుమతి, సమీక్ష
14.7 ‘తప్పు చేయనివారికి భయమెందుకు?’
14.8 సారాంశం
14.9 కీలక పదాలు
14.10 మాదిరి పరీక్ష ప్రశ్నలు

14.0 లక్ష్యాలు

ఈ యూనిట్‌ను చదివిన తరవాత మీరు:

• నిఘా, గోప్యత అనే భావనలను నిర్వచించగలుగుతారు.
• భారతదేశంలో గోప్యత హక్కు ప్రాథమిక హక్కుగా ఎదిగిన క్రమాన్ని ముఖ్యమైన తీర్పుల ఆధారంగా వివరించగలుగుతారు.
• ఒక నిఘా చర్య రాజ్యాంగబద్ధమా, కాదా అని పరిశీలించడానికి వాడే నాలుగు ప్రశ్నలను చెప్పగలుగుతారు.
• ప్రస్తుత నిఘా వ్యవస్థలోని లోపాలను, దానికి అనుకూలమైన వాదనలను తూచి చూడగలుగుతారు.

14.1 పరిచయం

అర్ధరాత్రి ఒక ఇంటి తలుపు మీద దబదబా బాదుతున్న చప్పుడు. ఇంటాయన నిద్ర లేచి తలుపు తీస్తాడు. బయట గ్రామ చౌకీదారు, కొన్నిసార్లు పోలీసు కానిస్టేబులు. వాళ్లు వచ్చింది అతను ఇంట్లో ఉన్నాడో లేడో చూసుకోవడానికి. కొన్ని రాత్రులు అతన్ని నిద్రలోంచి లేపి స్టేషనుకు కూడా తీసుకుపోతారు. పక్క ఊరికి వెళ్లాలన్నా ఎక్కడికి వెళ్తున్నాడో, ఎప్పుడు తిరిగి వస్తాడో ముందే చెప్పి వెళ్లాలి. అతను వెళ్లేలోపే ఆ ఊరి పోలీసులకు కబురు అందుతుంది.

ఉత్తరప్రదేశ్‌కు చెందిన ఖరక్ సింగ్ సుప్రీంకోర్టుకు చెప్పుకున్న గోడు ఇది. 1941లో ఒక దోపిడీ కేసులో పోలీసులు ఆయనను అరెస్టు చేశారు. సాక్ష్యం లేనందువల్ల విడిచిపెట్టారు. కాని ఆయన పేరు మీద ‘హిస్టరీ షీట్’ తెరిచి నిఘా కొనసాగించారు. ఆయనకు శిక్ష పడలేదు, సంకెళ్లు లేవు, జైలు లేదు. మరి ఆయన స్వేచ్ఛ పోయినట్టా, పోనట్టా?

ఈ యూనిట్ మొత్తం ఆ ప్రశ్న చుట్టూ తిరుగుతుంది. చౌకీదారు స్థానంలోకి ఇప్పుడు సీసీ కెమెరా, ఫోన్ ట్యాపింగు, సాఫ్ట్‌వేర్ వచ్చాయి. ప్రశ్న మాత్రం మారలేదు.

14.2 నిఘా, గోప్యత – అర్థం

ఒక వ్యక్తి లేదా సమూహం కదలికలను, సంబంధాలను, సంభాషణలను ఒక ప్రయోజనం కోసం క్రమం తప్పకుండా గమనించి నమోదు చేయడాన్ని ‘నిఘా’ అంటారు. ఒక్కసారి చూడటం నిఘా కాదు. పదేపదే గమనించడం, నమోదు చేయడం, ఆ నమోదును తరవాత వాడుకోవడం – ఈ మూడూ కలిసినప్పుడు అది నిఘా అవుతుంది.

‘గోప్యత’ అంటే రహస్యాలు దాచుకోవడం మాత్రమే అనుకుంటే పొరపాటు. తనకు సంబంధించిన ఏ విషయాన్ని, ఎవరితో, ఎంతవరకు పంచుకోవాలో తానే నిర్ణయించుకోగల స్థితిని గోప్యత అంటారు. మీ జబ్బు సంగతి మీరు డాక్టరుకు చెబుతారు, ఇంటి ఓనరుకు చెప్పరు. మీ జీతం సంగతి బ్యాంకుకు తెలుసు, పక్కింటివారికి తెలియదు. ఈ ఎంపిక మీ చేతిలో ఉన్నంతవరకు మీకు గోప్యత ఉన్నట్టే.

గోప్యతకు సాధారణంగా మూడు కోణాలను చెబుతారు:

1. శరీరానికి, ఇంటికి సంబంధించిన గోప్యత: అనుమతి లేకుండా ఇంట్లోకి రాకపోవడం, ఒంటిని సోదా చేయకపోవడం.
2. సమాచార గోప్యత: ఫోన్ సంభాషణలు, బ్యాంకు లెక్కలు, ఆరోగ్య వివరాలు, వేలిముద్రలు మొదలైనవి.
3. నిర్ణయ గోప్యత: పెళ్లి, మతం, తిండి, సంతానం వంటి విషయాలలో సొంత నిర్ణయం.

ఈ యూనిట్‌లో మొదటి రెండు కోణాలను ప్రధానంగా పరిశీలిస్తాం.

14.3 ఖరక్ సింగ్ కేసు (1962)

14.3.1 మెజారిటీ తీర్పు

ఉత్తరప్రదేశ్ పోలీసు నిబంధనలలో 236వ నిబంధన నిఘాకు ఆరు పద్ధతులను పేర్కొంది. ఇంటిని రహస్యంగా కాపు కాయడం, రాత్రిపూట ఇంటికి వెళ్లి తనిఖీ చేయడం, అలవాట్లు, ఆదాయం, స్నేహాల గురించి వాకబు చేయడం, ఊరు విడిచి వెళ్తే నివేదించడం, ఆ ప్రయాణాలను నిర్ధారించుకోవడం, ఇదంతా హిస్టరీ షీట్‌లో రాసిపెట్టడం – ఇవీ ఆ పద్ధతులు. తెలుగు రాష్ట్రాలలో ‘రౌడీ షీట్’ అనే మాట మీరు వినే ఉంటారు. అదీ ఈ కోవకు చెందినదే.

ఆరుగురు న్యాయమూర్తుల ధర్మాసనం 1962 డిసెంబర్ 18న తీర్పు చెప్పింది. రాత్రిపూట ఇంటికి వెళ్లి తనిఖీ చేయడం 21వ అధికరణ ఇచ్చిన వ్యక్తిగత స్వేచ్ఛకు విరుద్ధమని కొట్టివేసింది. ఈ నిబంధనలు శాసనసభ చేసిన చట్టం కావనీ, పోలీసు శాఖ తన సిబ్బందికి ఇచ్చుకున్న ఆదేశాలు మాత్రమేననీ గుర్తించింది. చట్టం అండ లేని ఆదేశంతో పౌరుడి స్వేచ్ఛను హరించడం కుదరదు. ఈ అంశాన్ని గుర్తుంచుకోండి, తరవాత మళ్లీ ప్రస్తావనకు వస్తుంది.

అయితే మిగిలిన ఐదు పద్ధతులను మెజారిటీ న్యాయమూర్తులు సమర్థించారు. కాపు కాయడం వల్ల మనిషి తిరగడానికి భౌతికంగా అడ్డు ఏర్పడదు గనక స్వేచ్ఛకు భంగం లేదన్నారు. గోప్యత రాజ్యాంగం హామీ ఇచ్చిన హక్కు కాదన్నారు. 1954లో ఎం.పి. శర్మ కేసులో ఎనిమిదిమంది న్యాయమూర్తుల ధర్మాసనం సోదాలకు సంబంధించి ఇటువంటి అభిప్రాయాన్నే వెలిబుచ్చింది.

14.3.2 జస్టిస్ కోకా సుబ్బారావు భిన్నాభిప్రాయం

ఆ ధర్మాసనంలో ఇద్దరు న్యాయమూర్తులు మెజారిటీతో విభేదించారు. వారు జస్టిస్ కోకా సుబ్బారావు, జస్టిస్ జె.సి. షా. భిన్నాభిప్రాయాన్ని రాసినవారు సుబ్బారావు. 1902లో రాజమండ్రిలో జన్మించిన ఆయన ఆంధ్ర హైకోర్టుకు మొదటి ప్రధాన న్యాయమూర్తి. 1966లో భారత ప్రధాన న్యాయమూర్తి అయ్యారు.

ఆయన వాదన సారాంశం ఇది. వెనక ఒక పోలీసు కళ్లు అనుక్షణం వెంటాడుతున్నప్పుడు మనిషి కాళ్లు కదలవచ్చు గాని ఆ కదలిక స్వేచ్ఛగా సాగదు. ఎవరిని కలిస్తే ఏం రాసుకుంటారో, ఎవరితో మాట్లాడితే ఏమవుతుందో అనే జంకు అతని మనసును కట్టేస్తుంది. అటువంటి మనిషికి దేశమంతా జైలే అవుతుంది. కాబట్టి రాజ్యాంగంలో గోప్యత అనే మాట లేకపోయినా అది వ్యక్తిగత స్వేచ్ఛలో విడదీయరాని భాగం. మొత్తం 236వ నిబంధన చెల్లదు.

మెజారిటీకి, సుబ్బారావుకు మధ్య తేడాను గమనించండి. మెజారిటీ దృష్టిలో స్వేచ్ఛకు అడ్డు అంటే భౌతికమైన అడ్డు. సుబ్బారావు దృష్టిలో భయం కూడా అడ్డే. నిఘా వల్ల వ్యక్తి స్వేచ్ఛకు కలిగే అసలైన ముప్పు ఇక్కడే ఉంది. ఎవరూ ఆపకపోయినా మనిషి తనను తాను ఆపుకోవడం మొదలుపెడతాడు. 1975లో గోవింద్ కేసులో సుప్రీంకోర్టు గోప్యతకు పరిమితమైన గుర్తింపును ఇచ్చింది గాని, సుబ్బారావు మాట పూర్తిగా నెగ్గడానికి మొత్తం 55 ఏళ్లు పట్టింది.

మీ ప్రగతిని సరిచూసుకోండి – 1

సూచన: మీ సమాధానాలను 14.3 భాగంతో పోల్చి చూసుకోండి.

(అ) 236వ నిబంధనలోని ఏ పద్ధతిని సుప్రీంకోర్టు కొట్టివేసింది? ఎందుకు?
(ఆ) ‘స్వేచ్ఛకు అడ్డు’ అనే విషయంలో మెజారిటీకి, జస్టిస్ సుబ్బారావుకు ఉన్న భేదం ఏమిటి?

14.4 బ్యాంకు పత్రాలు, టెలిఫోను సంభాషణలు

ఖరక్ సింగ్ కేసులో నిఘా ఇంటి గుమ్మం దగ్గర జరిగింది. మన వివరాలు చాలావరకు మన ఇంట్లో ఉండవు. బ్యాంకులో, టెలిఫోను కంపెనీలో, ప్రభుత్వ కార్యాలయంలో ఉంటాయి. అక్కడ ఉన్నవాటి మీద మనకు గోప్యత ఉంటుందా? ఈ ప్రశ్నకు రెండు కేసులు సమాధానం ఇచ్చాయి.

మొదటిది టెలిఫోను సంభాషణల కేసు. 1885 నాటి భారత టెలిగ్రాఫ్ చట్టం 5(2) సెక్షన్ కింద ప్రభుత్వం సంభాషణలను వినవచ్చు. దానికి ప్రజా అత్యవసర పరిస్థితి గానీ, ప్రజా భద్రత అవసరం గానీ ఉండాలి. రాజకీయ నాయకుల ఫోన్లను ట్యాప్ చేశారన్న వార్తల నేపథ్యంలో పీపుల్స్ యూనియన్ ఫర్ సివిల్ లిబర్టీస్ సుప్రీంకోర్టుకు వెళ్లింది. ఫోనులో మాట్లాడుకోవడం గోప్యతలో భాగమని 1996 డిసెంబర్ 18న కోర్టు తీర్పు ఇచ్చి కొన్ని నియమాలను విధించింది:

• ట్యాపింగు ఆదేశాన్ని కేంద్ర లేదా రాష్ట్ర హోం కార్యదర్శి ఇవ్వాలి. అత్యవసరమైతే ఆ అధికారాన్ని సంయుక్త కార్యదర్శి స్థాయికి తగ్గని అధికారికి అప్పగించవచ్చు.
• ఆదేశం రెండు నెలలు చెల్లుతుంది. పొడిగించినా మొత్తం ఆరు నెలలు దాటరాదు.
• ఆదేశాన్ని ఒక సమీక్షా సంఘం పరిశీలించాలి. అవసరం తీరిన ప్రతులను నాశనం చేయాలి.

ముందుగా న్యాయమూర్తి అనుమతి తీసుకోవాలన్న కోరికను మాత్రం, చట్టంలో అటువంటి ఏర్పాటు లేనందువల్ల, కోర్టు అంగీకరించలేదు.

రెండోది హైదరాబాద్ నుంచి వచ్చిన కేసు. ఆంధ్రప్రదేశ్ శాసనసభ 1986లో స్టాంపు చట్టం 73వ సెక్షన్‌ను సవరించింది. దాని ప్రకారం, కలెక్టరు అధికారం ఇచ్చిన ఏ వ్యక్తి అయినా బ్యాంకుల వంటి చోట్లకు వెళ్లి ఖాతాదారుల పత్రాలను తనిఖీ చేయవచ్చు. హైకోర్టు ఈ సవరణ చెల్లదన్నది. 2004లో హైదరాబాద్ జిల్లా రిజిస్ట్రార్, కెనరా బ్యాంకు మధ్య కేసులో సుప్రీంకోర్టు ఆ అభిప్రాయాన్ని సమర్థించింది. గోప్యత మనిషిని అంటిపెట్టుకుని ఉంటుందనీ, స్థలాన్ని బట్టి మారదనీ చెప్పింది. అంటే నా కాగితాన్ని బ్యాంకుకు ఇచ్చినంత మాత్రాన లోకానికంతా ఇచ్చినట్టు కాదు. వివరాలన్నీ కంప్యూటర్లలో, ఎవరెవరి దగ్గరో ఉన్న నేటి పరిస్థితిలో ఈ సూత్రం విలువ మరింత పెరిగింది.

14.5 పుట్టస్వామి తీర్పు (2017)

ఆధార్ పథకాన్ని ప్రశ్నిస్తూ కర్ణాటక హైకోర్టు విశ్రాంత న్యాయమూర్తి కె.ఎస్. పుట్టస్వామి 2012లో సుప్రీంకోర్టును ఆశ్రయించారు. 2015లో విచారణ జరుగుతుండగా కేంద్ర ప్రభుత్వం ఒక వాదన లేవనెత్తింది: ఎం.పి. శర్మ, ఖరక్ సింగ్ తీర్పుల ప్రకారం గోప్యత అసలు ప్రాథమిక హక్కే కాదు. ఎనిమిదిమంది న్యాయమూర్తులు చెప్పినదాన్ని మార్చాలంటే అంతకంటే పెద్ద ధర్మాసనం కావాలి. అందువల్ల తొమ్మిదిమందితో రాజ్యాంగ ధర్మాసనం ఏర్పడింది.

2017 ఆగస్టు 24న ఆ తొమ్మిదిమందీ ఏకగ్రీవంగా తీర్పు ఇచ్చారు. గోప్యత 21వ అధికరణలోని జీవించే హక్కు, వ్యక్తిగత స్వేచ్ఛలలో అంతర్భాగమనీ, రాజ్యాంగం మూడో భాగం హామీ ఇచ్చిన స్వేచ్ఛలలో కలిసి ఉందనీ ప్రకటించారు. పాత తీర్పులలో గోప్యత హక్కు లేదన్న భాగాలను రద్దు చేశారు. ఖరక్ సింగ్ కేసులో సుబ్బారావు భిన్నాభిప్రాయమే సరైనదన్న గుర్తింపు ఈ తీర్పుతో వచ్చింది.

ఏ హక్కూ అపరిమితం కాదు. గోప్యత కూడా అంతే. ప్రభుత్వం దానిలో జోక్యం చేసుకున్నప్పుడు వేయవలసిన నాలుగు ప్రశ్నలను ఈ తీర్పు నుంచి మనం రాబట్టుకోవచ్చు:

1. చట్టం ఉందా? శాఖాపరమైన ఆదేశం, సర్క్యులర్ చాలవు.
2. న్యాయమైన ప్రభుత్వ లక్ష్యం ఉందా? ఉదాహరణకు దేశ భద్రత, నేర నివారణ, ప్రజాధనం పక్కదారి పట్టకుండా చూడటం.
3. జోక్యం లక్ష్యానికి తగిన మేరలోనే ఉందా? ఒక దొంగను పట్టుకోవడానికి ఊరందరి ఫోన్లూ వినడం ఈ పరీక్షకు నిలవదు. దీనిని అనుపాత సూత్రం అంటారు.
4. దుర్వినియోగం కాకుండా రక్షణలు ఉన్నాయా? ఈ నాలుగో అంశాన్ని జస్టిస్ సంజయ్ కిషన్ కౌల్ ప్రత్యేకంగా చేర్చారు.

ఈ పరీక్ష ఎలా పనిచేస్తుందో ఆధార్ కేసులోనే చూడవచ్చు. 2018 సెప్టెంబర్ 26న ఐదుగురు న్యాయమూర్తులలో నలుగురు ఆధార్ చట్టాన్ని మొత్తం మీద సమర్థించారు. సంక్షేమ పథకాలకు, పాన్ కార్డుకు ఆధార్ జోడించడాన్ని ఆమోదించారు. బ్యాంకు ఖాతాకు, మొబైల్ నంబరుకు తప్పనిసరిగా జోడించాలనడాన్ని కొట్టివేశారు. అంటే ఆధార్ వినియోగంలో ఒక భాగం పరీక్షకు నిలిచింది, ఇంకో భాగం నిలవలేదు.

14.6 నేటి నిఘా వ్యవస్థ – అనుమతి, సమీక్ష

టెలిగ్రాఫ్ చట్టం స్థానంలో 2023లో టెలికమ్యూనికేషన్ల చట్టం వచ్చింది. సంభాషణలను వినే అధికారం దానిలోని 20వ సెక్షన్‌లో ఉంది. కంప్యూటర్లు, ఇంటర్నెట్ ద్వారా సాగే సమాచారానికి 2000 నాటి సమాచార సాంకేతిక చట్టం 69వ సెక్షన్ వర్తిస్తుంది. ఈ సెక్షన్ కింద 2018 డిసెంబర్ 20న కేంద్ర హోం శాఖ పది సంస్థలకు అధికారం ఇచ్చింది.

ఈ వ్యవస్థలో ఆదేశం ఇచ్చేది హోం కార్యదర్శి. ఆ ఆదేశాన్ని సమీక్షించే సంఘానికి కేంద్రంలో కేబినెట్ కార్యదర్శి, రాష్ట్రంలో ప్రధాన కార్యదర్శి అధ్యక్షత వహిస్తారు. సభ్యులూ కార్యదర్శులే. అంటే నిఘా పెట్టేదీ కార్యనిర్వాహక శాఖే, అది సబబా కాదా అని చూసేదీ ఆ శాఖే. మొదటి నుంచి చివరి వరకు న్యాయమూర్తికి పాత్ర లేదు. ఎవరి ఫోను విన్నారో వారికి ఆ తరవాతైనా తెలియజేసే ఏర్పాటు లేదు. తనకు అన్యాయం జరిగిందని తెలియని మనిషి కోర్టుకు ఎలా వెళ్తాడు?

కొన్ని దేశాల పద్ధతి దీనికి భిన్నం. అమెరికాలో నేర పరిశోధన కోసం ఫోను వినాలంటే 1968 చట్టం ప్రకారం న్యాయమూర్తి ఉత్తర్వు కావాలి. బ్రిటన్‌లో 2016 చట్టం కింద మంత్రి ఇచ్చిన వారెంటును సాధారణంగా ఒక జ్యుడీషియల్ కమిషనర్ కూడా ఆమోదించాలి.

ప్రస్తుత పద్ధతిని సమర్థించేవారి వాదన కూడా బలమైనదే. ఉగ్రవాద కుట్రలను ఛేదించడానికి నిమిషాలు కూడా ముఖ్యం. 2008 నవంబర్‌లో ముంబయిపై దాడి చేసినవారికీ, దూరం నుంచి వారిని నడిపించినవారికీ మధ్య సాగిన సంభాషణలను వినగలగడం వల్ల గట్టి సాక్ష్యం దొరికింది. నిఘా అసలు వద్దనడం ఎవరికీ సాధ్యం కాదు. వివాదం అక్కడ లేదు. అధికారాన్ని వాడేవారిని బయటివారు ఎవరైనా ప్రశ్నించగలగాలా, అక్కరలేదా అన్నదే వివాదం.

కోర్టులు ప్రశ్నించిన సందర్భాలు లేకపోలేదు. ఒక లంచం కేసులో ఫోన్ ట్యాపింగు ఆదేశాలకు ప్రజా భద్రతతో సంబంధం లేదని 2019లో బొంబాయి హైకోర్టు వాటిని రద్దు చేసి, రికార్డింగులను నాశనం చేయమన్నది. పెగాసస్ అనే నిఘా సాఫ్ట్‌వేర్‌ను పాత్రికేయులు మొదలైనవారి ఫోన్లలోకి పంపారన్న ఆరోపణలపై 2021 అక్టోబర్ 27న ప్రధాన న్యాయమూర్తి జస్టిస్ ఎన్.వి. రమణ నాయకత్వంలోని ధర్మాసనం సాంకేతిక నిపుణుల కమిటీని నియమించింది. దేశ భద్రత అనే మాట ఎత్తినంత మాత్రాన కోర్టు చూస్తూ ఊరుకోదని స్పష్టం చేసింది. కమిటీ 29 ఫోన్లను పరిశీలించగా ఐదింటిలో హానికర సాఫ్ట్‌వేర్ కనిపించింది. అది పెగాసస్సేనని నిర్ధారణ కాలేదు. ప్రభుత్వం సహకరించలేదని కమిటీ చెప్పినట్లు 2022 ఆగస్టులో కోర్టు వెల్లడించింది.

2023లో డిజిటల్ వ్యక్తిగత డేటా రక్షణ చట్టం వచ్చింది. కంపెనీలు మన వివరాలను ఎలా వాడుకోవాలో ఇది నిర్దేశిస్తుంది. అయితే 17వ సెక్షన్ ప్రకారం దేశ భద్రత, శాంతిభద్రతలు మొదలైన కారణాలతో తాను ప్రకటించిన ప్రభుత్వ సంస్థలకు కేంద్రం ఈ చట్టం నుంచి మినహాయింపు ఇవ్వవచ్చు. పైన చెప్పిన నాలుగో ప్రశ్న ఇక్కడ మళ్లీ ఎదురవుతుంది.

కృత్యం: ఉమ్మడి ఆంధ్రప్రదేశ్‌లో 2013లో చేసిన ప్రజా భద్రత చర్యల అమలు చట్టం జనం ఎక్కువగా వచ్చే సంస్థలలో సీసీ కెమెరాలను తప్పనిసరి చేసింది. మీ వీధిలో లేదా మీరు పనిచేసే చోట ఉన్న ఒక కెమెరాను ఎంచుకోండి. దానిని ఎవరు పెట్టారు? ఏ చట్టం కింద? దృశ్యాలను ఎవరు చూస్తారు? ఎన్నాళ్లు ఉంచుతారు? తప్పుగా వాడితే ఎవరిని అడగాలి? మీకు తెలిసిన సమాధానాలను, తెలియనివాటిని వేరువేరుగా రాసుకోండి. రెండో జాబితా పొడవు ఎంతో గమనించండి.

14.7 ‘తప్పు చేయనివారికి భయమెందుకు?’

నిఘా గురించి మాట్లాడిన ప్రతిసారీ ఈ మాట వినిపిస్తుంది. దీనిని తేలికగా కొట్టిపారేయకుండా పరిశీలిద్దాం.

మొదటిది, దాచుకునేదంతా తప్పు కాదు. మనం ఓటును రహస్యంగా వేస్తాం. ఓటు వేయడం తప్పని కాదు గదా! ఎవరికి వేశామో తెలిస్తే ఊళ్లో పెద్దమనిషో, యజమానో, అధికారంలో ఉన్నవారో కక్ష కట్టవచ్చు. ఆ భయం లేకుండా నిర్ణయించుకోవడానికే బ్యాలెట్ రహస్యం. గోప్యత చేసే పని కూడా అదే.

రెండోది, ఏది తప్పో నిర్ణయించేది మనం కాదు. ఖరక్ సింగ్‌ను పోలీసులే సాక్ష్యం లేదని విడిచిపెట్టారు. అయినా షీట్ తెరిచారు. ఈరోజు సేకరించిన వివరం రేపు అధికారంలోకి వచ్చేవారి చేతిలో ఉంటుంది.

మూడోది, నష్టం నిఘాలో ఉన్న వ్యక్తితో ఆగదు. ఫోను వింటున్నారన్న అనుమానం ఉంటే, తన శాఖలో అవినీతి గురించి చెప్పాలనుకున్న ఉద్యోగి పాత్రికేయుడికి ఫోను చేయడు. కక్షిదారు న్యాయవాదితో మనసు విప్పి మాట్లాడడు. తన మీద నిఘా లేని సాధారణ పౌరుడు కూడా అందువల్ల తెలియవలసిన వార్తను కోల్పోతాడు.

కాబట్టి ఆ ప్రశ్నను తిరగవేసి అడగవచ్చు: సరైన కారణంతోనే నిఘా పెట్టేవారికి, ఆ కారణాన్ని ఒక న్యాయమూర్తికి చూపడానికి భయమెందుకు?

మీ ప్రగతిని సరిచూసుకోండి – 2

సూచన: మీ సమాధానాలను 14.5, 14.6, 14.7 భాగాలతో పోల్చి చూసుకోండి.

(అ) గోప్యతలో జోక్యాన్ని పరిశీలించడానికి వాడే నాలుగు ప్రశ్నలు ఏవి?
(ఆ) ట్యాపింగు ఆదేశాల సమీక్షా సంఘంలో ఎవరుంటారు? దీనిపై విమర్శ ఏమిటి?
(ఇ) రహస్య బ్యాలెట్‌కు, గోప్యతకు ఉన్న పోలిక ఏమిటి?

14.8 సారాంశం

నిఘా అంటే క్రమం తప్పకుండా గమనించి, నమోదు చేసి, వాడుకోవడం. ఖరక్ సింగ్ కేసులో మెజారిటీ గోప్యతను హక్కుగా గుర్తించలేదు. భయం కూడా స్వేచ్ఛకు అడ్డేనన్న జస్టిస్ సుబ్బారావు భిన్నాభిప్రాయం 2017లో పుట్టస్వామి తీర్పుతో సరైనదిగా నిలిచింది. ఇప్పుడు ప్రభుత్వ జోక్యానికి చట్టం, న్యాయమైన లక్ష్యం, తగిన మేర, రక్షణలు అనే నాలుగూ కావాలి. వీటిలో నాలుగోది మన వ్యవస్థలో ఇంకా బలహీనంగా ఉంది. నిఘాకు ఆదేశించడం, దాన్ని సమీక్షించడం రెండూ కార్యనిర్వాహక శాఖ చేతిలోనే ఉన్నాయి. హక్కు కాగితం మీద వచ్చింది. దాన్ని అడిగి నిలబెట్టుకునే దారి పౌరుడికి ఇంకా పూర్తిగా ఏర్పడలేదు.

14.9 కీలక పదాలు

నిఘా: వ్యక్తుల కదలికలను, సంభాషణలను ఒక ప్రయోజనం కోసం క్రమం తప్పకుండా గమనించి నమోదు చేయడం.

హిస్టరీ షీట్: అనుమానితుల గురించి పోలీసు స్టేషనులో ఉంచే నమోదు పత్రం.

భిన్నాభిప్రాయ తీర్పు: ధర్మాసనంలో మెజారిటీతో విభేదించిన న్యాయమూర్తి రాసే తీర్పు. దానికి అప్పటికి అమలు ఉండదు గాని తరవాతి తీర్పులకు దారి చూపవచ్చు.

అనుపాత సూత్రం: హక్కులో జోక్యం లక్ష్యానికి అవసరమైన మేరను మించరాదన్న సూత్రం.

14.10 మాదిరి పరీక్ష ప్రశ్నలు

I. కింది ప్రశ్నలకు ఒక్కొక్కదానికి 30 పంక్తులలో సమాధానం రాయండి.

1. భారతదేశంలో గోప్యత హక్కు పరిణామాన్ని ఖరక్ సింగ్ కేసు నుంచి పుట్టస్వామి కేసు వరకు వివరించండి.
2. ఫోన్ ట్యాపింగుకు ముందు న్యాయమూర్తి అనుమతి తప్పనిసరి చేయాలా? రెండు వైపుల వాదనలనూ పరిశీలించి మీ అభిప్రాయం రాయండి.

II. కింది ప్రశ్నలకు ఒక్కొక్కదానికి 15 పంక్తులలో సమాధానం రాయండి.

1. జస్టిస్ కోకా సుబ్బారావు భిన్నాభిప్రాయ తీర్పు ప్రాముఖ్యాన్ని తెలపండి.
2. ‘గోప్యత మనిషిని అంటిపెట్టుకుని ఉంటుంది’ – కెనరా బ్యాంకు కేసు ఆధారంగా చర్చించండి.
3. ‘తప్పు చేయనివారికి భయమెందుకు?’ అనే వాదనను విమర్శనాత్మకంగా పరిశీలించండి.